షామియానా కింద చెప్పిన మాట ఢిల్లీకి చేరాలంటే

ఊరి బడి ఆవరణలో షామియానా వేస్తారు. ప్లాస్టిక్ కుర్చీలు, వేదిక మీద బల్లకు తెల్లటి గుడ్డ, నీళ్ల సీసాలు, వెనక ఫ్లెక్సీ. జిల్లా అధికారి వస్తారు, పోలీసులు వస్తారు, వీడియో తీసేవారు వస్తారు. మీ పొలాల మీదుగా వెళ్లబోయే జాతీయ రహదారి గురించో, పక్క మండలంలో కట్టబోయే జలాశయం గురించో మీరేమంటారో చెప్పమంటారు. దీని పేరు ప్రజాభిప్రాయ సేకరణ. అదంతా ఒక తంతు అనుకుని చాలామంది వెళ్లనే వెళ్లరు. వెళ్లినవారిలో సగం మంది మైకు అందిందే చాలని కడుపులో ఉన్నదంతా వెళ్లగక్కి ఇంటికి వచ్చేస్తారు. రెండు విధాలా నష్టమే.

ఎందుకంటే అనుమతి ఇచ్చేది ఆ వేదిక మీద కూర్చున్నవారు కాదు. పెద్ద ప్రాజెక్టులకు పర్యావరణ అనుమతి ఇచ్చేది ఢిల్లీలోని కేంద్ర పర్యావరణ, అటవీ, వాతావరణ మార్పు మంత్రిత్వ శాఖ. దానికి సలహా చెప్పేది నిపుణుల మదింపు కమిటీ. ఆ కమిటీ సభ్యులకు మీ చప్పట్లు వినిపించవు, మీ ఆవేశం కనిపించదు. వారి ముందు ఉండేది కాగితం: సభ మినిట్స్, వాటి వెంట ఒక పట్టిక. పట్టికలో ఒక వైపు మీరు లేవనెత్తిన అంశం, పక్కనే ప్రాజెక్టు వారి జవాబు. ఆ రెండో గడిలో 'గమనించాం, తగిన చర్యలు తీసుకుంటాం' అని రాసి తప్పించుకోవడానికి వీల్లేకుండా మొదటి గడిని నింపడమే మీరు చేయవలసిన పని. అదెలాగో చూద్దాం.

ముందు మీ ప్రాజెక్టు ఏ గూటిలో ఉందో చూసుకోండి

దేశమంతటికీ వర్తించే నిబంధన 2006 సెప్టెంబర్ 14న వెలువడిన పర్యావరణ ప్రభావ మదింపు నోటిఫికేషన్. 1986 నాటి పర్యావరణ పరిరక్షణ చట్టం కింద వచ్చింది. ఆ తరువాత దానికి చేసిన సవరణలు లెక్కలేనన్ని. ప్రాజెక్టులను అది రెండుగా విడదీస్తుంది. 'ఎ' వర్గానికి అనుమతి కేంద్రం ఇస్తుంది. 'బి' వర్గాన్ని రాష్ట్ర స్థాయి సంస్థ చూస్తుంది. 'బి'లో మళ్లీ బి1, బి2 ఉన్నాయి. బి2 అయితే ప్రభావ మదింపు నివేదికా ఉండదు, ప్రజాభిప్రాయ సేకరణా ఉండదు.

కొత్త జాతీయ రహదారి అయితే 'ఎ' వర్గమే. ఉన్న జాతీయ రహదారిని వెడల్పు చేస్తుంటే, పొడవు 100 కిలోమీటర్లు దాటి, పాత దారి వెంట 40 మీటర్లకు మించి, బైపాస్‌ల వద్ద 60 మీటర్లకు మించి అదనపు భూమి తీసుకుంటేనే 'ఎ' వర్గంలోకి వస్తుంది. మీ ఊరి దగ్గర విస్తరణ పనులు ఏ సభా లేకుండా మొదలైతే అందులో దొంగతనమేదో జరిగిందని వెంటనే అనుకోకండి. ఈ కొలతల లోపల ఉండి ఉండవచ్చు. అదనపు భూసేకరణ లేని రహదారి విస్తరణకు, పాత సాగునీటి పథకాల ఆధునికీకరణకు, దేశ రక్షణకు సంబంధించినవని కేంద్రం చెప్పిన వాటికి ప్రజాభిప్రాయ సేకరణ నుంచి మినహాయింపు ఉంది.

మొత్తం వ్యవహారం నాలుగు అంచెలు: ఏ వర్గమో తేల్చడం, ఏమేమి అధ్యయనం చేయాలో నిర్ణయించడం, ప్రజల మాట వినడం, చివరికి మదింపు. మీరు మూడో అంచెలో లోపలికి వస్తారు. అప్పటికే రెండు అంచెలు అయిపోయి ఉంటాయి కాబట్టి వాటి కాగితాలు సంపాదించాలి.

కాగితాలు చేతికి తెచ్చుకోండి

సభకు కనీసం 30 రోజుల ముందు ఒక జాతీయ దినపత్రికలోను, ఒక ప్రాంతీయ భాషా దినపత్రికలోను ప్రకటన రావాలి. పత్రికలు అందని చోట్ల దండోరా వేయించాలని, రేడియోలో చెప్పించాలని నిబంధన. ప్రకటన కనబడిన రోజే దాన్ని తేదీతో సహా కత్తిరించి దాచండి. 30 రోజులకు ఒక్కటి తగ్గినా అది తరువాత పనికివచ్చే సాక్ష్యం.

ప్రభావ మదింపు ముసాయిదా నివేదిక కలెక్టర్ కార్యాలయంలో, జిల్లా పరిషత్తులో, జిల్లా పరిశ్రమల కేంద్రంలో, సంబంధిత స్థానిక సంస్థల్లో, మంత్రిత్వ శాఖ ప్రాంతీయ కార్యాలయంలో అందుబాటులో ఉండాలి. సభ ముగిసేదాకా పనివేళల్లో ఎవరైనా అడిగి చూడవచ్చు. నివేదిక మొత్తం ఇంగ్లీషులో ఉంటుంది. సారాంశం మాత్రం తెలుగులో కూడా ఇవ్వాలి. ఆ తెలుగు సారాంశం మీద ఎక్కువ ఆశలు పెట్టుకోకండి. నేను చూసినవాటిలో చాలావరకు యంత్రం నోట్లోంచి ఊడిపడ్డ తెలుగే. వాటిలో చెరువు 'నీటి శరీరం' అవుతుంది.

సమాచార హక్కు దరఖాస్తు పెట్టి జవాబు కోసం కూర్చుంటే పని కాదు. దానికిచ్చే గడువు 30 రోజులు, మీకున్న వ్యవధీ అంతే. నేరుగా కార్యాలయానికి వెళ్లండి. నివేదిక లేదంటే 'ఫలానా తేదీన ఇన్ని గంటలకు వచ్చాను, నివేదిక అందుబాటులో లేదు' అని అక్కడికక్కడే రాసి ఇచ్చి, రెండో ప్రతి మీద ముద్ర వేయించుకోండి. ముద్ర వేయకపోతే రసీదుతో స్పీడ్ పోస్టులో పంపండి.

ఇంకో దారి కేంద్రం నడిపే పరివేష్ పోర్టల్. అందులో ప్రాజెక్టు పేరుతో వెతికితే దరఖాస్తు, ఏమేమి అధ్యయనం చేయాలో చెప్పే నిబంధనల పత్రం, చాలాసార్లు కేఎంఎల్ అనే పటం ఫైలు దొరుకుతాయి. ఆ ఫైలును గూగుల్ ఎర్త్‌లో తెరిస్తే రహదారి గీత మీ ఊరి మీద పరుచుకుంటుంది. మీ బోరు, మీ చెరువు కట్ట, శ్మశానం, బడి ఆ గీతకు ఎంత దూరమో కొలవవచ్చు. ఊళ్లో డిగ్రీ చదివే పిల్లలకు గంట పని. ఈ ఒక్క కొలత సభలో చూపిస్తే చాలు, వచ్చినవారంతా నిటారుగా కూర్చుంటారు.

నివేదిక అంతా చదవకండి

500 పేజీలు చూసి బెదరకండి. అందులో సగం వాతావరణ శాఖ గణాంకాలు, జనాభా లెక్కలు, చట్టాల జాబితా. సూటిగా నాలుగు చోట్లకు వెళ్లండి.

మొదటిది భూమి వినియోగం పట్టిక. బంజరు, బీడు అని రాసిన చోట నిజంగా ఏముందో చూడండి. శ్రీకాకుళం జిల్లా సోంపేటలో థర్మల్ విద్యుత్ కేంద్రానికి ఇవ్వజూపిన బీల ప్రాంతం కాగితాల మీద పనికిరాని భూమి. అక్కడివారికి అది చేపలు పట్టే, వరికి నీరిచ్చే తడినేల. 2010 జూలై 14న అక్కడ కాల్పులు జరిగి ప్రాణాలు పోయాయి. అప్పట్లో ఇలాంటి అనుమతుల మీద అప్పీళ్లు వినే జాతీయ పర్యావరణ అప్పిలేట్ అథారిటీ, ఆ విద్యుత్ కేంద్రానికి ఇచ్చిన పర్యావరణ అనుమతిని అదే రోజు రద్దు చేసింది. భూమికి పెట్టిన పేరు దగ్గరే మొదలైన గొడవ అది. అందుకే సర్వే నంబర్ల వారీగా ఆంధ్రప్రదేశ్‌లో అడంగల్, తెలంగాణలో పహాణీ నకళ్లు తీసి పక్కన పెట్టుకోండి. నివేదిక బీడు అన్న నంబర్లో పహాణీ వరి చూపిస్తే ఇక వాదించనక్కర్లేదు, రెండు కాగితాలూ పక్కపక్కన పెడితే చాలు.

రెండోది ప్రత్యామ్నాయాల అధ్యాయం. రహదారికి మూడు మార్గాలు పరిశీలించామని చెబుతారు. చదివితే అదొక ఎన్నికలా ఉంటుంది: గెలవవలసినవారిని ముందే నిర్ణయించి, ఓడిపోవడానికి ఇద్దరిని నిలబెట్టినట్టు. ఓడిపోయిన రెండు మార్గాల కింద ఎన్ని చెట్లు, ఎన్ని ఇళ్లు, ఎన్ని ఎకరాల మాగాణి అని రాశారో, గెలిచిన మార్గం కింద అవే లెక్కలు ఉన్నాయో లేదో చూడండి. ఒకదానికి చెట్లు లెక్కపెట్టి, ఇంకోదానికి కిలోమీటర్లు మాత్రమే చెప్పి ఊరుకోవడం కొత్తేమీ కాదు.

మూడోది శబ్దం, గాలి, నీటి కొలతల పట్టికలు. శబ్దం ఒక్కదాన్నే తీసుకుందాం. నివాస ప్రాంతంలో పగటి పరిమితి 55 డెసిబెల్స్, రాత్రి 45. బడి, ఆసుపత్రి, కోర్టు చుట్టూ 100 మీటర్లను రాష్ట్ర ప్రభుత్వం నిశ్శబ్ద ప్రాంతంగా ప్రకటించవచ్చు. అలా ప్రకటించిన చోట పగలు 50, రాత్రి 40. వాణిజ్య ప్రాంతానికి పగలు 65. ఇప్పుడు పట్టికలో మీ ఊరి బడిని వెతకండి. దాని పక్కన ఏ పరిమితి రాశారు? బడి వద్ద తీసిన కొలతను వాణిజ్య పరిమితితో పోల్చి 'పరిమితి లోపలే ఉంది' అని రాస్తే, దొరికిపోయినట్టే.

నాలుగోది నీళ్లు. దీని దగ్గర కాస్త ఆగాలి. చాలా ప్రాజెక్టులకు అధ్యయనం ఒక్క రుతువులో చేస్తే సరిపోతుంది, అదీ వానాకాలం కాకుండా. అంటే సర్వే బృందం మీ వాగును చూసేది ఏ ఫిబ్రవరిలోనో ఏప్రిల్‌లోనో. అప్పుడది ఇసుక బాట. ఆవులు అడ్డంగా నడుస్తుంటాయి. దాన్ని 'పొలం కాలువ' అని రాసుకుని వెళ్లిపోతారు. వారు అబద్ధమాడారనుకోనక్కర్లేదు, వారు చూసింది అదే. మీరు దాన్ని అక్టోబర్‌లో చూశారు. నివేదిక రాసినవారి దగ్గర లేనిది, మీ దగ్గర మాత్రమే ఉన్నది ఆ మిగిలిన తొమ్మిది నెలల జ్ఞానమే.

జీవజాతుల జాబితాను కూడా ఒకసారి తిప్పి చూడండి. మహారాష్ట్ర రత్నగిరి జిల్లాలోని ఒక బాక్సైట్ గని నివేదికలో రష్యాలోని గని నివేదికలోంచి భాగాలు యథాతథంగా ఎత్తిరాసిన సంగతి అప్పట్లో బయటపడింది. మీ నివేదికలో మీ జిల్లాలో ఎవరూ ఎన్నడూ చూడని చెట్టు కనిపిస్తే నవ్వి వదిలేయకుండా పేజీ నంబరు రాసుకోండి.

ఇప్పుడు రాయండి

వాగు సంగతే ఉదాహరణగా తీసుకుని చూపిస్తాను. అంకెలు ఊహించినవి, పద్ధతి నిజమైనది.

చాలామంది రాసేది ఇలా ఉంటుంది: 'రోడ్డు కట్ట వల్ల మా పొలాలు మునిగిపోతాయి. రైతులకు అన్యాయం జరుగుతుంది. న్యాయం చేయాలి.' దీనికి జవాబు గడిలో పడే వాక్యం నాకు ఇప్పుడే తెలుసు: 'నీటి పారుదలకు తగినన్ని కల్వర్టులు ఏర్పాటు చేస్తాం.' కథ ముగిసింది.

అదే మాటను ఇలా రాయండి: 'నివేదిక ఫలానా పేజీ, ఫలానా పట్టిక ప్రకారం 23.4 కిలోమీటరు వద్ద ఉన్నది పొలం కాలువ. అక్కడ 1.2 మీటర్ల వ్యాసం గల ఒక పైపు కల్వర్టు ప్రతిపాదించారు. అది గ్రామ పటంలో వాగుగా నమోదై ఉంది (నకలు జత చేశాం). వాగు వెడల్పు 6 మీటర్లు. గత వరదలో నీరు మీటరున్నర ఎత్తున పారింది. వంతెన గోడ మీద ఆనవాలు ఫొటో జత చేశాం. అంటే నీరు పారడానికి కావలసిన వైశాల్యం సుమారు 9 చదరపు మీటర్లు. ప్రతిపాదించిన పైపు వైశాల్యం 1.13 చదరపు మీటర్లు, ఎనిమిదో వంతు. మిగిలిన నీరు కట్టకు ఎగువన ఏయే సర్వే నంబర్లలో, ఎన్ని రోజులు నిలుస్తుందో లెక్క చూపండి. పైపు బదులు వంతెన కట్టడానికి ఎంత ఖర్చు కేటాయిస్తారో పర్యావరణ నిర్వహణ ప్రణాళికలో చేర్చండి.'

దీనికి 'గమనించాం' అని రాయలేరు. రాస్తే కమిటీలో ఒక్కరైనా కళ్లద్దాలు సవరించుకుని, 'మరి లెక్క ఏది?' అని అడుగుతారు. చివరి వాక్యం ఊరికే పెట్టలేదు. సభలో ఇచ్చిన హామీలు పర్యావరణ నిర్వహణ ప్రణాళికలో భాగం కావాలని 2020 సెప్టెంబర్‌లో మంత్రిత్వ శాఖే చెప్పింది. డబ్బు కేటాయించని హామీ గాలిమాట.

ఒక కాగితంలో ఒకే అంశం రాయండి. పది అంశాలు కలిపి రాస్తే తేలికైన వాటికి జవాబిచ్చి కష్టమైనవి వదిలేస్తారు. భూమికి పరిహారం సంగతి ఇక్కడ కలపకండి. అది భూసేకరణ చట్టాల కింద నడిచే వేరే వ్యవహారం; ఎకరా ధర గురించి గంటసేపు మాట్లాడితే మినిట్స్‌లో పడేది 'పరిహారం పెంచమని కోరారు' అన్న ఒక్క ముక్క. ఆ గంటలో వాగు, బడి, బోర్లు అన్నీ కొట్టుకుపోతాయి. అడవి భూమి ఉంటే అటవీ అనుమతి కూడా వేరు. కానీ అడవి ఉన్న సంగతిని నివేదిక దాచిందా అన్నది మాత్రం ఇక్కడ అడగవలసిన ప్రశ్నే. గోవాలోని మోపా విమానాశ్రయం కేసులో 2019 మార్చిలో సుప్రీంకోర్టు, దరఖాస్తులోనే వాస్తవాలు దాచారని చెప్పి అనుమతిని నిలిపివేసి, కమిటీని మళ్లీ పరిశీలించమంది. మరుసటి ఏడాది జనవరిలో కొత్త షరతులతో పనులకు దారి ఇచ్చింది. ప్రాజెక్టు ఆగలేదు, కానీ మొదట లేని షరతులు వచ్చి చేరాయి.

సభ రోజున

రాతప్రతులు మూడు తీసుకెళ్లండి: ఒకటి సభను ఏర్పాటు చేసే కాలుష్య నియంత్రణ మండలి ప్రతినిధికి, ఒకటి కలెక్టరుకు, ముద్ర వేయించుకున్నది మీకు. సభకు అధ్యక్షత వహించేది కలెక్టర్, లేదా అదనపు జిల్లా మేజిస్ట్రేట్ హోదాకు తగ్గని అధికారి. కోరం అంటూ ఏమీ లేదు. పదిమందే వచ్చినా సభ జరిగినట్టే. కాబట్టి అందరూ కలిసి బహిష్కరిస్తే సభ చెల్లదన్న ఆలోచన ఉంటే మానుకోండి.

కుర్చీలు విరగ్గొట్టడం అంతకంటే నష్టం. స్థానికులు స్వేచ్ఛగా మాట్లాడే పరిస్థితి లేదని అధికారులు నివేదిస్తే, సభే అక్కర్లేదని నిర్ణయించే అధికారం నోటిఫికేషన్‌లో ఉంది. గొడవ చేసి సభను ఆపినవారు తమ మైకును తామే కట్టేసినట్టు. ఈ మాట కోపంతో ఉన్న ఊరికి రుచించదని నాకు తెలుసు.

చేతులెత్తించి 'ఎంతమంది అనుకూలం?' అని అడగడం కొన్ని చోట్ల చూశాను. ఇది ఓటింగ్ కాదు. మర్యాదగా ఆ మాటే చెప్పి మీ ప్రశ్న అడగండి. ముందు ప్రాజెక్టు వారు తమ పథకం వివరిస్తారు, తరువాత వచ్చిన ప్రతి ఒక్కరికీ మాట్లాడే హక్కు ఉంది. మాట్లాడేటప్పుడు పేరు, ఊరు, అంశం, నివేదిక పేజీ నంబరు చెప్పండి. రెండు నిమిషాలు చాలు. రాసి తెచ్చిన కాగితం ఇస్తున్నానని మైకులో చెప్పి ఇవ్వండి, వీడియోలో పడుతుంది.

అసలు పని చివర్లో ఉంటుంది. అప్పటికి భోజనాల వేళ దాటి జనం సగం వెళ్లిపోయి ఉంటారు. సభలో వచ్చిన అభిప్రాయాల సారాంశాన్ని స్థానిక భాషలో అందరికీ చదివి వినిపించాలి, అధ్యక్షత వహించిన అధికారి అదే రోజు సంతకం చేయాలి. మీలో ఇద్దరు దానికోసమే ఉండిపోండి. మీరు అన్న 'వాగు' వారి కాగితంలో 'కాలువ' అయిందేమో చెవి పెట్టి వినండి. అయితే అక్కడే లేచి సరిచేయమనండి. చదవకుండా ముగించేస్తే ఆ సంగతి రాసి, కాలుష్య నియంత్రణ మండలికి, మంత్రిత్వ శాఖకు ఈమెయిల్ పంపండి.

ముంపు ఉన్న ప్రతి జిల్లాలోనూ, ప్రతి రాష్ట్రంలోనూ సభ జరిగిందా అన్నది కూడా చూసుకోవలసిందే. పోలవరానికి 2005 అక్టోబర్‌లో పర్యావరణ అనుమతి వచ్చింది. ముంపులో పడే ఒడిశా, ఛత్తీస్‌గఢ్ గ్రామాల్లో ప్రజాభిప్రాయ సేకరణ జరగలేదన్న కారణంతో 2007 డిసెంబర్‌లో అప్పిలేట్ అథారిటీ దాన్ని కొట్టివేసింది. హైకోర్టు ఆ ఉత్తర్వును నిలిపివేయడంతో పనులు సాగాయి. కానీ ఆ లోటు దశాబ్దాల తరబడి ఆ ప్రాజెక్టును వెంటాడుతూనే ఉంది.

సభ అయ్యాక

ప్రాజెక్టు వారు మీ అంశాలకు జవాబులు చేర్చి తుది నివేదిక సమర్పిస్తారు. పరివేష్‌లో కమిటీ సమావేశాల ఎజెండా పెడతారు. వారానికోసారి చూడండి. మీ ప్రాజెక్టు పేరు కనిపించగానే, తుది నివేదికలో మీ గడి పక్కన ఏం రాశారో చూసి, జవాబు రాని వాటిని కమిటీ సభ్య కార్యదర్శికి ఒక్క పేజీలో పంపండి. ప్రజలు లేవనెత్తిన అభ్యంతరాలను కమిటీ పరిశీలించినట్టు, కారణాలతో సహా కనబడాలని 2009లో ఢిల్లీ హైకోర్టు గోవాలోని ఒక గనికి సంబంధించిన ఉత్కర్ష్ మండల్ కేసులో స్పష్టం చేసింది. మీ లేఖలో ఆ తీర్పును ఒక్క వాక్యంలో గుర్తుచేయండి.

అనుమతి వచ్చేస్తే ఏడు రోజుల్లోగా రెండు స్థానిక పత్రికల్లో ప్రకటించాలి. దానిమీద జాతీయ హరిత ట్రిబ్యునల్‌లో అప్పీలుకు గడువు 30 రోజులు. తగిన కారణం చూపితే మరో 60 రోజులు. 90వ రోజు దాటితే తలుపు మూసుకుంటుంది. మన రెండు రాష్ట్రాలకూ చెన్నై బెంచి. పరిహారం కోరని దరఖాస్తుకు రుసుము 1,000 రూపాయలు. ఆలస్యం చేస్తే గెలిచినా చేతికి మిగిలేది తక్కువ. కాళేశ్వరం పనులు అనుమతి లేకుండానే మొదలయ్యాయని, అది చట్ట ఉల్లంఘన అని ట్రిబ్యునల్ 2020 అక్టోబర్‌లో చెప్పింది. అప్పటికి బరాజ్‌లు నిలబడి నీళ్లు ఎత్తుతున్నాయి.

అప్పీలుకు వెళ్లకపోయినా అనుమతి పత్రాన్ని వదలకండి. అందులో ప్రత్యేక షరతులు ఉంటాయి. వాటి అమలు మీద ప్రాజెక్టు వారు ఏటా జూన్ 1న, డిసెంబర్ 1న నివేదిక ఇవ్వాలి. మీరు అడిగిన వంతెన షరతుల్లో చేరి ఉంటే, డిసెంబర్ నివేదికలో 'పూర్తయింది' అని కనిపించిన వారం టేపు పట్టుకుని 23.4 కిలోమీటరు వద్దకు వెళ్లండి. వెడల్పు, ఎత్తు కొలవండి. టేపు అంకె కనబడేలా ఫొటో తీసి, తేదీతో మంత్రిత్వ శాఖ ప్రాంతీయ కార్యాలయానికి పంపండి. అవి విజయవాడలోను, హైదరాబాద్‌లోను ఉన్నాయి.